గోడౌనుకు రిసీవర్ తాళం వేశారు, లోపల సరుకు మాది: ఇప్పుడేం చేయాలి?

మీరు అడిగినదాని సారాంశం ఇది. అన్నదమ్ముల మధ్య విభజన దావా నడుస్తోంది. దావా ఆస్తిలో ఉన్న ఒక గోడౌనును అన్నదమ్ముల్లో పెద్దాయన దగ్గర నెలవారీ అద్దెకు తీసుకుని మీరు ధాన్యం నిల్వ పెట్టుకున్నారు. దావాలో మీరు పార్టీ కాదు. తమ్ముడి పిటిషన్ మీద కోర్టు ఒక అడ్వకేటును రిసీవరుగా నియమించింది. ఆయన అమీనాతో (కోర్టు ఉత్తర్వులు అమలు చేసే ఉద్యోగితో) వచ్చి మీ తాళం మీదే తన తాళం వేసి, సీలు పెట్టి వెళ్లారు. పోలీసులేమో "కోర్టు మ్యాటరు, మేమేం చేయలేం" అన్నారు. తాళం తీయించుకోవడం ఎలా, సరుకు పాడైతే బాధ్యత ఎవరిది, వేరే దావా వేయాలా, పెద్దాయన తరఫున రిసీవరునే తీసేయించవచ్చా అన్నవి మీ ప్రశ్నలు.

పోలీసులు ఈసారి సరిగ్గానే చెప్పారు. రిసీవర్ స్వాధీనంలో ఉన్న ఆస్తి కోర్టు స్వాధీనంలో ఉన్నట్టే లెక్క. ఆయన్ని వేయమని అడిగింది తమ్ముడే అయినా ఆయన తమ్ముడి మనిషి కాదు. చివరికి ఎవరు గెలుస్తారో వాళ్ల కోసం కోర్టు తరఫున ఆస్తిని పట్టుకుని ఉన్న మనిషి. దీనివల్ల మీకు ఒక నష్టం, ఒక లాభం ఉన్నాయి. నష్టం ఏమిటంటే, ఆ తాళం మీద చెయ్యి వేస్తే కోర్టు మీద చెయ్యి వేసినట్టే. లాభం ఏమిటంటే, అన్నదమ్ములకు ఏ హక్కు లేదో ఆ హక్కు రిసీవరుకూ రాదు. వాళ్లు ఇవాళ మిమ్మల్ని ఖాళీ చేయించలేని పరిస్థితిలో ఉంటే, వాళ్ల దావాలో వచ్చిన రిసీవరూ ఖాళీ చేయించకూడదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 40 రూల్ 1లో రెండో ఉపనిబంధన చెప్పేది ఇదే: ఒక మనిషిని స్వాధీనం నుంచి తప్పించే తక్షణ హక్కు దావాలోని పార్టీలకు లేనప్పుడు, అతన్ని తప్పించే అధికారం ఈ రూలు కోర్టుకూ ఇవ్వదు. మీ కేసంతా ఈ ఒక్క వాక్యం మీద నిలబడుతుంది. ఈ రక్షణ ముఖ్యంగా మీలాంటి మూడో మనిషి కోసమే, దావాలో ఉన్న పార్టీల కోసం కాదు.

అయితే ముందు ఆ తాళం నిజంగా ఎవరిదో తేల్చుకోండి. తలుపుకు అంటించిన కాగితం ఫొటో తీసి కేసు నంబరు చూడండి. "ఓ.ఎస్." (అసలు దావా) నంబరు, దాని కింద "ఐ.ఏ." (దావాలో వేసిన మధ్యంతర పిటిషన్) నంబరు ఉంటే సివిల్ కోర్టు రిసీవరే. బ్యాంకు పేరు, సర్ఫేసీ చట్టం (బాకీ కోసం బ్యాంకులు తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకునే చట్టం) సెక్షన్ 13 సబ్‌సెక్షన్ 4 లేదా సెక్షన్ 14 అని ఉంటే దారి పూర్తిగా వేరు. అక్కడ వెళ్లాల్సింది డెట్ రికవరీ ట్రిబ్యునల్‌కు, సెక్షన్ 17 కింద, 45 రోజుల్లో. అద్దెదారు హక్కు ఏమిటో చూసే అధికారం కూడా ఆ సెక్షన్ కిందే ట్రిబ్యునల్‌కు ఉంది. శాంతిభద్రతల గొడవ పేరుతో ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ వేసిన రిసీవర్ అయితే అది బీఎన్ఎస్ఎస్ (ఇప్పటి క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) సెక్షన్ 165, అంటే పాత సీఆర్‌పీసీ 146. అదే ఆస్తికి తర్వాత సివిల్ కోర్టు రిసీవరును వేస్తే మేజిస్ట్రేట్ రిసీవర్ ఆస్తిని ఆయనకు అప్పగించి తప్పుకోవాల్సిందే. క్రిమినల్ కేసులో పోలీసులు సీజ్ చేసిన సరుకైతే బీఎన్ఎస్ఎస్ 497, 503 సెక్షన్ల కింద మేజిస్ట్రేట్ కోర్టులో అడగాలి. తలుపు మీది కాగితం చదవకుండా తప్పు కోర్టులో పిటిషన్ వేసి నెల పోగొట్టుకునేవాళ్లు తక్కువేం కాదు. మీరు చెప్పిన వివరాలను బట్టి మీది సివిల్ కోర్టు రిసీవరే అనుకుని మిగతాది రాస్తున్నాను.

కాగితాలు తెప్పించుకోవడంతో మొదలుపెట్టండి. రిసీవరును నియమించిన ఉత్తర్వు, ఆ ఐ.ఏ. పిటిషన్, దాని అఫిడవిట్, ఆస్తి వివరాల షెడ్యూలు, స్వాధీనం తీసుకున్న రోజు రిసీవర్ రాసిన ఇన్వెంటరీ (లోపలి సరుకు, వస్తువుల జాబితా), ఆయన కోర్టుకు ఇచ్చిన రిపోర్టు, ఇవన్నీ సర్టిఫైడ్ కాపీలు కావాలి. మీరు పార్టీ కాదు కాబట్టి కాపీ అప్లికేషనుతో పాటు ఎందుకు కావాలో చెబుతూ చిన్న అఫిడవిట్ జత చేయండి. "ఆ దావా ఆస్తిలో నేను అద్దెదారుని, నా సరుకు లోపల ఉంది" అన్న రెండు వాక్యాలు చాలు.

ఉత్తర్వు చేతికొచ్చాక చివరి పేరా మాత్రమే నాలుగుసార్లు చదవండి. ముందు పేజీల్లో ఎవరు ఏం వాదించారో ఇప్పుడు మీకు అనవసరం. ఆ పేరాలో రిసీవరుకు ఇచ్చిన పని ఏమిటి? "అద్దెలు వసూలు చేసి కోర్టులో జమ చేయాలి" అని మాత్రమే ఉంటే, తాళం వేసే అధికారమే ఆయనకు లేదు. అప్పుడు మీ పని చాలా తేలిక. "స్వాధీనం చేసుకుని నిర్వహించాలి" అని ఉంటే ఉన్నదున్నట్టుగా స్వాధీనం తీసుకోమనా, లోపలివాళ్లను తప్పించమనా అన్నది చూడాలి. అద్దెదారు ఉన్న ఆస్తిని రిసీవర్ స్వాధీనం తీసుకునే మామూలు పద్ధతి ఒకటే: "ఇకనుంచి అద్దె నాకు కట్టండి" అని నోటీసు ఇవ్వడం. ఎవరినీ బయటికి పంపాల్సిన పని లేదు. ఇక్కడ ఎక్కువసార్లు జరిగే పొరపాటు ఏమిటంటే, తమ్ముడి అఫిడవిట్‌లో గోడౌను "ఖాళీగా ఉంది" అనో "పెద్దన్న స్వాధీనంలో ఉంది" అనో రాసి ఉంటుంది. కోర్టుకు మీ సంగతే తెలియదు. అలా రాసి ఉంటే ఆ లైను కింద గీత గీసి పెట్టుకోండి, మీ పిటిషన్ అక్కడినుంచే మొదలవుతుంది. షెడ్యూలులో డోర్ నంబరు, హద్దులు కూడా మీ గోడౌనువేనా అని సరిచూసుకోండి. పక్క షెడ్డుకు వేయాల్సిన తాళం మీదానికి పడటం కూడా ఉన్నదే.

తర్వాత రిసీవరుకు ఒక లెటర్ రాయండి. ఆయన మీద అరవడం వల్ల ప్రయోజనం లేదు. కోర్టు చెప్పనిదే ఆయన తాళం తీయలేరు, కానీ మీ లెటరును తన రిపోర్టుతో పాటు కోర్టు ముందు పెట్టగలరు. లెటరులో మూడు విషయాలు ఉంటే చాలు: మీరు ఎప్పటినుంచి, ఎవరికి, ఎంత అద్దె కడుతున్నారు, లోపల ఏ సరుకు ఎంత ఉంది, ఇకనుంచి అద్దె రిసీవరుకే కట్టడానికి సిద్ధంగా ఉన్నారు. ఈ మూడోది మరిచిపోవద్దు. కోర్టు మీ పక్షాన ఆలోచించడానికి అంతకన్నా పనికొచ్చే వాక్యం ఇంకోటి ఉండదు. స్పీడ్ పోస్టులో పంపి రసీదు, డెలివరీ అయినట్టు రుజువు దాచుకోండి.

ఇక అసలు పిటిషన్. వేరే దావా వేయకండి. రిసీవరును ప్రతివాదిగా చేస్తూ దావా వేయాలంటే ఆయన్ని నియమించిన కోర్టు అనుమతి కావాలి. అనుమతి లేకుండా వేసిన దావా పుట్టుకతోనే చెల్లనిది కాదనీ, తర్వాతైనా అనుమతి తెచ్చుకోవచ్చనీ 1977లో ఎవరెస్ట్ కోల్ కంపెనీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా ఆ తిరుగుడంతా మీకెందుకు? అదే దావాలో, అదే కోర్టులో, మూడో పక్షంగా ఒక ఐ.ఏ. వేయండి: ఆర్డర్ 40 రూల్ 1, సెక్షన్ 151 (కోర్టు సహజ అధికారం) కింద. అన్నదమ్ములందరినీ, రిసీవరునూ రెస్పాండెంట్లుగా పెట్టండి. ఆర్డర్ 1 రూల్ 10 కింద దావాలోనే పార్టీగా చేరమని కొందరు సలహా ఇస్తారు. నేనైతే ఇవ్వను. పార్టీ అయితే మూడో మనిషికి ఉన్న రక్షణ పలచబడుతుంది, పైగా విభజన దావా నడిచినన్నాళ్లూ మీకు వాయిదాలే.

ప్రార్థనలు (కోర్టును మీరు కోరేవి) విడివిడిగా అడగండి. మొదటిది, తాళం తీసి అద్దెదారుగా మీ స్వాధీనాన్ని కొనసాగనివ్వాలని, అద్దె రిసీవరుకు కడతామని. రెండోది, అది తేలేలోపు రిసీవర్ సమక్షంలో గోడౌను తెరిచి సరుకు బయటికి తీసుకోనివ్వాలని. మూడోది, అర్జెంటుగా ఒకసారి తెరిచి సరుకు లెక్క, తేమ కొలిచి రిపోర్టు ఇవ్వాలని. మొదటిది తేలడానికి నెలలు పట్టవచ్చు. రెండోది, మూడోది ఎదుటివాళ్లు కూడా గట్టిగా కాదనలేరు, ఎందుకంటే ధాన్యం దావా ఆస్తి కాదు. ఈ మాట అఫిడవిట్‌లో విడిగా ఒక పేరాగా రాయించండి. దీనికి సంబంధించి ఒక ఉచ్చు కూడా ఉంది: పాడైపోయే వస్తువుల అమ్మకానికి ఆర్డర్ 39 రూల్ 6 ఉందని దాని కింద అడగబోతారు. ఆ రూలు దావాకు విషయమైన వస్తువులకూ, తీర్పుకు ముందు జప్తు చేసిన వస్తువులకూ వర్తించేది. దాని కింద అడిగితే మీ ధాన్యం దావా వస్తువేనని మీ నోటితో మీరే ఒప్పుకున్నట్టవుతుంది.

అర్జెన్సీని అంకెల్లో చూపించండి. ధాన్యంలో తేమ 14 శాతం దాటి ఉంటే మూసిన గోడౌనులో వేడెక్కుతుంది, ముక్కిపోతుంది, గింజ రంగు మారుతుంది, పురుగు పడుతుంది. లోడు దించిన రోజు తేమ ఎంతో మీ కొనుగోలు రిజిస్టరులో ఉంటే ఆ పేజీ నకలు జత చేయండి. "సరుకు పాడైపోతోంది" అన్న మాటకన్నా ఆ పేజీకి విలువ ఎక్కువ.

ఇన్వెంటరీ దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే తర్వాత వచ్చే తగాదాల్లో పెద్దవి అక్కడే పుడతాయి. మీ ఇన్వెంటరీలో "ధాన్యం బస్తాలు సుమారు 1000" అని ఉందనుకోండి. ఆ "సుమారు" మీ కొంప ముంచుతుంది. తెరిచే రోజున పొడవులో ఎన్ని బస్తాలు, వెడల్పులో ఎన్ని, ఎత్తులో ఎన్ని వరసలు అని లెక్కపెట్టించండి. పొడవు 12, వెడల్పు 9, ఎత్తు 14 అయితే 1512 బస్తాలు. "సుమారు 1000"కూ దానికీ తేడా 512. అక్కడితో అయిపోలేదు. బస్తా 50 కిలోలదైతే 1512 బస్తాలు 756 క్వింటాళ్లు, 75 కిలోలదైతే 1134 క్వింటాళ్లు. బస్తా బరువు రాయని ఇన్వెంటరీలో 378 క్వింటాళ్లు గాల్లో ఉన్నట్టు. ఎదుటివాళ్ల లాయరు అడిగే ప్రశ్న కూడా ముందే ఊహించుకోండి: "బయటి వరసలు లెక్కపెట్టి గుణించారు సరే, మధ్యలో బోలుగా లేదని ఎవరు చూశారు?" అందుకని పైకెక్కి మధ్య వరసలు వీడియో తీయించాలి, ఒకటి రెండు చోట్ల బస్తాలు దించి చూపించాలి. అక్కడొకటి ఇక్కడొకటి పది బస్తాలు తూకం వేసి సగటు రాయించాలి. కాటా, తేమ మీటరు, హమాలీలు, ఆ ఖర్చంతా మీరే పెట్టుకుంటామని పిటిషనులోనే చెప్పండి. ఖర్చు పేరు చెప్పి వాయిదా పడే అవకాశం ఉండదు.

అదే కాగితంలో కరెంటు మీటరు రీడింగు, తాళాలు ఎన్ని, ఎవరి దగ్గర ఏ తాళం చెవి, సీలు మీద ఏ ముద్ర, కిటికీలు, వెనక షట్టరు, పైకప్పు రేకుల పరిస్థితి కూడా ఉండాలి. వెనక షట్టరు సంగతి రాయకుండా ముందు తలుపుకు మాత్రమే సీలు వేసిన ఇన్వెంటరీలు కోకొల్లలు. ఆ తర్వాత బస్తాలు తగ్గితే ఎవరు ఎటునుంచి తీసుకెళ్లారో తేలదు. సంతకం చేయమంటే చేయండి, కానీ మీకు ఒప్పుకోలు లేని అంశం ఉంటే సంతకం పైన "ఫలానా లెక్కకు అభ్యంతరం ఉంది" అని చేత్తో రాసి, తేదీ, టైము వేయండి. సంతకం చేయకుండా వెళ్లిపోతే "పిలిచినా రాలేదు, సహకరించలేదు" అని రిపోర్టులోకి ఎక్కుతుంది.

రుజువుల విషయానికొస్తే, అద్దె బ్యాంకు ద్వారా కట్టి ఉంటే అంతకన్నా మంచి సాక్ష్యం లేదు. జీఎస్టీ రిజిస్ట్రేషనులో ఈ గోడౌను అదనపు వ్యాపార స్థలంగా ఉంటే అది, కరెంటు బిల్లులు, సరుకు ఇన్సూరెన్సు పాలసీలో రాసిన చిరునామా, ఇవన్నీ మీ స్వాధీనాన్ని చూపిస్తాయి. సరుకు మీద బ్యాంకు అప్పు ఉంటే మాత్రం జాగ్రత్త. నెలనెలా బ్యాంకుకు ఇచ్చే స్టాకు స్టేట్‌మెంటులో ఒక అంకె, కోర్టు అఫిడవిట్‌లో ఇంకో అంకె ఉంటే ఎదుటి లాయరు ఆ రెండు కాగితాలు పక్కపక్కన పెట్టి మీ పిటిషనును అక్కడికక్కడే కూల్చేస్తారు. ముందు ఆ రెండూ సరిచూసుకుని, తేడాకు కారణం ఉంటే అఫిడవిట్‌లో మీరే చెప్పండి. గోడౌనుకు తాళం పడిన సంగతి బ్యాంకుకూ, ఇన్సూరెన్సు కంపెనీకీ లిఖితపూర్వకంగా తెలపండి.

అద్దె ఒప్పందం సంగతి. దావా వేసిన తేదీ, మీరు అద్దెకు దిగిన తేదీ, ఈ రెండూ పక్కపక్కన పెట్టి చూడండి. దావాకు ముందే దిగి ఉంటే మీ పక్షం గట్టిది. నెలవారీ అద్దె అయితే, వేరే ఒప్పందం లేనప్పుడు, యజమాని అయినా 15 రోజుల నోటీసు ఇచ్చి అద్దె రద్దు చేసుకోవాలి, అప్పుడు కూడా చట్టప్రకారమే ఖాళీ చేయించాలి. అంటే ఇవాళ్టికి మిమ్మల్ని తప్పించే తక్షణ హక్కు వాళ్లకు లేదు. దావా నడుస్తుండగా దిగి ఉంటే ఆస్తి బదలాయింపు చట్టం సెక్షన్ 52 అడ్డొస్తుంది. పెండింగులో ఉన్న దావా ఆస్తిని ఒక పార్టీ కోర్టు అనుమతి లేకుండా అద్దెకిచ్చినా అది మిగతావాళ్ల హక్కులకు లోబడే ఉంటుంది. అప్పుడు స్వాధీనం మీద పట్టుబట్టకుండా సరుకు విడిపించుకోవడం మీదే బలం పెట్టడం తెలివైన పని. చట్టప్రకారం రిజిస్టరు చేయించాల్సిన ఒప్పందాన్ని అలా చేయించకపోతే దానిలోని షరతులు రుజువు చేయడానికి అది పనికిరాదు, ఏ హోదాలో స్వాధీనంలో ఉన్నారో చూపడానికి మాత్రం వాడుకోవచ్చు. స్టాంపు తక్కువైతే ఆ మాత్రానికీ చెల్లదు. ముందు లోటు స్టాంపు, పెనాల్టీ కట్టాలి. పెద్దాయన ఒక్కరే అద్దెకిచ్చారు కాబట్టి "మా వాటాకు ఆయనెవరు ఇవ్వడానికి" అని తమ్ముళ్లు అనవచ్చు. వాళ్లలో ఎవరైనా ఎప్పుడైనా మీ దగ్గర అద్దె వాటా తీసుకున్న ఆనవాలు ఉంటే వెతికి పెట్టుకోండి.

చేయకూడనివి. తాళం పగలగొట్టడం ఎలాగూ తప్పే, "మా తాళమే కదా" అని వెనక షట్టరు ఎత్తి నాలుగు బస్తాలు తీయడం కూడా అంతే. కోర్టు ధిక్కారం కింద 6 నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా ఉన్నాయి. ఆ శిక్షను పక్కన పెట్టినా, రేపు న్యాయం అడగడానికి వచ్చిన మనిషిగా మీ విలువ పోతుంది. రిసీవర్ నోటీసు అందాక అద్దె పెద్దాయన చేతికి ఇవ్వకండి. ఇచ్చినా రిసీవరుకు మళ్లీ కట్టాల్సి రావచ్చు. ఎవరికి కట్టాలో గందరగోళంగా ఉంటే ఆ దావా ఖాతాలో కోర్టు డిపాజిటుగా జమ చేయడానికి అనుమతి అడగండి, నెల తప్పకుండా కట్టండి.

కోర్టు మీ ఐ.ఏ. కొట్టేస్తే? ఆర్డర్ 40 రూల్ 1 కింద ఇచ్చిన ఉత్తర్వు మీద ఆర్డర్ 43 రూల్ 1లోని ఎస్ క్లాజు కింద అప్పీలు ఉంది. జిల్లా కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. పార్టీ కానివాళ్లు అప్పీలుతో పాటు అప్పీలు చేసుకునే అనుమతి కోసం కూడా పిటిషన్ పెట్టాలి. ఉత్తర్వు వచ్చిన రోజే సర్టిఫైడ్ కాపీకి అప్లికేషన్ వేయండి. కాపీ తయారవడానికి పట్టిన రోజులు గడువులోంచి మినహాయిస్తారు, మీరు అప్లికేషన్ వేయకుండా కూర్చున్న రోజులు మినహాయించరు.

సరుకు పాడైతే, పోతే రిసీవరును అడగవచ్చా అన్నారు. అడగవచ్చు, కానీ ప్రతి నష్టానికీ కాదు. ఆర్డర్ 40 రూల్ 3 ప్రకారం ఆయన బుద్ధిపూర్వక తప్పిదం వల్లో, తీవ్రమైన నిర్లక్ష్యం వల్లో ఆస్తికి జరిగిన నష్టానికి బాధ్యుడు. ఆయన లెక్కలు ఇవ్వకపోయినా, డబ్బు కట్టకపోయినా, అలాంటి నష్టం చేసినా రూల్ 4 కింద ఆయన ఆస్తినే జప్తు చేసి అమ్మి రాబట్టే అధికారం కోర్టుకు ఉంది. తేమ గురించి, కారుతున్న రేకు గురించి మీరు ముందే రాతపూర్వకంగా చెప్పి, ఆయన పట్టించుకోకపోతేనే అది తీవ్రమైన నిర్లక్ష్యంలా కనిపిస్తుంది. చెప్పకుండా ఊరుకుని తర్వాత అడిగితే నిలబడటం కష్టం. మొదట్లో లెటర్ రాయమన్నది అందుకు కూడా.

ఇక పెద్దాయన తరఫున మీరు అడిగిన చివరి ప్రశ్న: రిసీవరునే తీసేయించవచ్చా? అది ఆయన పోరాటం, మీది కాదు. దారి మాత్రం ఉంది. ఏఐఆర్ (తీర్పులు అచ్చువేసే ఆల్ ఇండియా రిపోర్టర్) 1955 మద్రాస్ 430లో ఉన్న కృష్ణస్వామి చెట్టి కేసు ఇప్పటికీ కోర్టుల్లో రోజూ వినిపిస్తుంది. అందులో చెప్పిన ఐదు సూత్రాలనే "పంచ సదాచార్" అంటారు: నియామకం కోర్టు విచక్షణ, అడిగినవాడికి గెలిచే మంచి అవకాశం ఉన్నట్టు కనిపించాలి, ఆస్తికి తక్షణ ప్రమాదం ఉండాలి, వాస్తవంగా స్వాధీనంలో ఉన్నవాణ్ని తేలిగ్గా తప్పించకూడదు, అడిగినవాడి నడవడిక శుభ్రంగా ఉండి ఆలస్యం చేయకుండా వచ్చి ఉండాలి. అద్దెల లెక్క చెప్పని అన్న విషయంలో ప్రమాదం చూపించడం తమ్ముడికి పెద్ద కష్టం కాదు. అందుకే రిసీవరు పూర్తిగా వద్దనడం కన్నా, అద్దెల వసూలుకే పరిమితం చేయమని అడిగితే పని జరిగే అవకాశం ఎక్కువ. అది జరిగితే మీ తాళం సమస్య కూడా దాంతోపాటే తీరుతుంది.

ఒకటి మాత్రం ఇప్పుడే రాసి పెట్టుకోండి. దావా తేలిపోయినంత మాత్రాన రిసీవర్ తనంతట తాను వెళ్లిపోయినట్టు కాదు. ఏఐఆర్ 1962 సుప్రీంకోర్టు 21లోని హీరాలాల్ పట్ని కేసు ప్రకారం, గడువు చెప్పకుండా వేసిన రిసీవర్ కోర్టు డిశ్చార్జి చేసేదాకా కోర్టుకు జవాబుదారీగానే ఉంటారు, అవసరమైతే డిక్రీ తర్వాత కూడా కోర్టు ఆయన్ని కొనసాగించవచ్చు. కాబట్టి మీ ఐ.ఏ.లో అనుకూలంగా ఉత్తర్వు వచ్చిన రోజు, తాళం చెవి చేతికి తీసుకునేటప్పుడు రిసీవరుతో ఒక మెమో రాయించుకోండి: తేదీ, టైము, మీటరు రీడింగు, బస్తాల లెక్క, ఎన్ని తాళం చెవులు ఇచ్చారు, అప్పటివరకు అద్దె ఎంత కట్టారు. దాని నకలు ఒకటి కోర్టు రికార్డులో వేయించండి, ఒకటి మీ దగ్గర ఉంచుకోండి.